మాస్టారి బొటనవేలు

ఆల్బమ్ అంతా సిద్ధమైంది. ఒక్క చివరి పాట దగ్గరే హిమజకి పంటి కింద రాయి తగిలింది. ఆ రాయి మరెవరో కాదు, ఆమెకు గిటారు నేర్పిన ఎలీషా మాస్టారే.

హిమజ వాయించేది స్మూత్ జాజ్. అందులో మాటలుండవు. గిటారే పాడాలి, అదీ పక్కన కూర్చున్న మనిషికి కబురు చెప్పినట్టు నెమ్మదిగా, తొణక్కుండా పాడాలి. విశాఖపట్నంలో ఈ సంగీతానికి చెవి కోసుకునేవాళ్లు ఎంతమంది అంటే, వేళ్ల మీద లెక్కపెడితే వేళ్లు మిగిలిపోతాయని తనే నవ్వుతుంది. అయినా ఏళ్ల తరబడి కూడబెట్టుకున్న ధైర్యమంతా ఖర్చుపెట్టి సొంత ఆల్బమ్‌కి పూనుకుంది.

చివరి పాటలో ముందు నడిచేది ఆమె గిటారు, వెనక తాళం పట్టేది మాస్టారి గిటారు. ఇది ఆమె పంతం పట్టి పెట్టుకున్న ఏర్పాటు. మాస్టారు కుర్రతనం నుంచీ రైల్వే క్లబ్బు డాన్సుల్లో, పెళ్లి విందుల్లో, హోటళ్లలో వాయించారు గాని, ఆయన వాయించిన ముక్క ఒక్కటీ ఎక్కడా రికార్డయి లేదు. ఈమధ్య చెయ్యి కూడా వణుకుతోంది. ఇదొక్కటైనా మిగలాలని హిమజ ఆయన ఇంటికి వెళ్లి, కాళ్లావేళ్లా పడి ఒప్పించింది.

ఆయన ఇస్త్రీ చొక్కా తొడుక్కుని పెళ్లికొడుకులా స్టూడియోకి వచ్చారు. ఇవతల హిమజ కూర్చుని చూస్తుండగా, అద్దం అవతల గదిలో హెడ్‌ఫోన్ పెట్టుకుని, హిమజ అంతకుముందే వాయించి ఉంచిన పాటకి తన వంతు ఒక్క ఊపులో వాయించేశారు. "ఇంక టీ చెప్పు తల్లీ" అన్నారు.

ఆయన వెళ్లాక సౌండ్ ఇంజినీరు ఫణి గొంతు సవరించుకున్నాడు.

"మేడమ్, మాస్టారు ప్రతిసారీ వెనకబడుతున్నారు. ఆవగింజంతే అనుకోండి, కానీ లేటే. ఇదిగో చూడండి."

కంప్యూటరు తెర మీద తాళం గీత ఒకచోట ఉంది, మాస్టారి బొటనవేలు మీటిన మోత దాన్ని దాటాక ఉంది. పాట పొడవునా అంతే.

హిమజ మళ్లీ విన్నది. నిజమే. రేపు ఇది విన్నవాళ్లు ఏమంటారు? ముసలాయన పని అయిపోయిందంటారు. ఆ మాట ఇంకా ఎవరూ అనకుండానే ఆమెకు ఒళ్లు మండింది. తననెన్ని అన్నా పడుతుంది గాని, మాస్టారిని ఒక్క మాట అంటే ఊరుకునే మనిషి కాదు హిమజ.

"దీన్ని సరిచెయ్యగలరా?"

"ఎంత పని మేడమ్? ఒక్కోదాన్నీ గీత మీదకి లాగేస్తాను."

"లాగెయ్యండి. మాస్టారికి మాత్రం చెప్పకండి."

పిల్లాడికి మూతి తుడిచి, తల దువ్వి బడికి పంపిన తల్లిలా ఆ పూట ఆమె తృప్తిగా ఇంటికి వెళ్లింది. మాస్టారి పరువు తను కాపాడిందని పొంగిపోయింది కూడా.

ఆదివారం చర్చి అయ్యాక మాస్టారు పాట వినడానికి వచ్చారు. ఆల్బమ్ మర్నాడే బయటికి పంపాలి. హిమజ ముందుగా అట్ట నమూనా ఆయన చేతిలో పెట్టింది. ఆమె పేరు కింద, అంతే పెద్ద అక్షరాల్లో ఆయన పేరుంది. మాస్టారు కళ్లజోడు పైకి తోసుకుని చాలాసేపు చూశారు. అక్షరాలను వేలితో నిమిరారు.

"నా పేరు ఇంతుంటాదని నాకే తెల్దు" అని మురిసిపోయారు.

ఫణి పాట పెట్టాడు. ఆయన కళ్లు మూసుకుని విన్నారు. అయ్యాక, "ఇంకోపాలి పెట్టు బాబూ" అన్నారు.

రెండోసారి ఆయన కుడిచెయ్యి మోకాలి మీద కదలడం మొదలుపెట్టింది. గిటారు మోగిన ప్రతిసారీ, అది మోగాక ఆవగింజంత ఆగి, ఆయన బొటనవేలు మోకాలి మీద పడుతోంది. హిమజ అది చూడలేక తల తిప్పుకుంది.

పాట ముగిసింది.

"బాగుందమ్మా. ఎంత నీటుగా వాయించాడు!" అన్నారు మాస్టారు. "ఎవరమ్మా ఈ కుర్రోడు?"

ఫణికి ఉన్నట్టుండి బల్ల కింద వైర్లతో ఏదో పని పడింది. 

మాస్టారు బల్ల మీదున్న పెన్ను అందుకుని, అట్ట మీద తన పేరును అడ్డంగా కొట్టేశారు. ఆ మొహంలో కోపం లేదు. పిల్లల కాగితంలో తప్పు దిద్దినంత నిమ్మళంగా కొట్టేశారు.

"వాయించినోడి పేరు ఎయ్యాల తల్లీ. పాపం, కుర్రోడి పొట్ట కొట్టకూడదు."

హిమజ కళ్లలో నీళ్లు తిరిగాయి.

"కుర్రాడెవరూ లేడు మాస్టారూ. మీ చెయ్యే. నేనే దిద్దించాను. మిమ్మల్ని ఎవరైనా ఓ మాట అంటారేమోనని..."

"ఎనకబడ్డానా?"

"కొంచెం."

"ఎప్పుడూ అంతే కదేటి!" ఆయన గట్టిగా నవ్వారు. "క్లబ్బులో మా బ్యాండు పెద్దాయన చెప్పీవాడు. తాళానికి డ్రమ్ముకేసి సూడకు, డాన్సాడీవోళ్ల కాళ్లకేసి సూడు అని. ముసలి జంటలు కూడా ఆడతారు కదా మరి. ఆ అడుగు నేల మీద ఆనాక నీ ఏలు పడాల. లేపోతే ఆళ్లు తూలిపోతారు."

"ఇక్కడ ఆడేవాళ్లు ఎవరున్నారు మాస్టారూ? ఎవరి కాళ్లు చూశారు?"

"నీ కాలే. అద్దంలోంచి కనపడతాది కదా. కూకుని ఆడిస్తన్నావు."

హిమజ తన కాలివైపు చూసుకుంది. ఆ తర్వాత ఫణి వైపు తిరిగి, "దిద్దకముందుది పెట్టండి" అంది.

పాత పాట వచ్చింది. మాస్టారి గిటారు ఒక్కో మోతకీ కాస్త ఆగి, చూసుకుని వస్తోంది. అప్పుడు హిమజకి తన గిటారు వినిపించింది. బండి వెళ్లిపోతుందేమో అన్నట్టు ముందుకు ముందుకు పరిగెడుతోంది. ఇన్నాళ్లుగా విని విని చెవులు అరిగినా ఆ పరుగు తనకి వినపడలేదు. గీత మీదే ఉంది కదా మరి, తప్పెవరు పడతారు!

"నాది మళ్లీ వాయిస్తాను."

"మేడమ్, రేపే పంపాలి" అన్నాడు ఫణి.

"పంపుదాం."

ఆమె గిటారు తీసుకుని అద్దం అవతలికి వెళ్లింది. మాస్టారు కుర్చీని అద్దం దగ్గరికి జరుపుకున్నారు.

హెడ్‌ఫోన్‌లో ఆయన బొటనవేలు పడేదాకా హిమజ ఆగింది. అది పడ్డాకే తన స్వరం వేసింది. మొదట్లో కష్టమైంది. వేళ్లు అలవాటు కొద్దీ ముందుకి ఉరికాయి. పోనుపోను ఆమెకు ఆ వేలు తప్ప మరేదీ వినపడలేదు. ఒకచోట అది వణికింది. ఆ వణుకు తీరేదాకా హిమజ తన స్వరాన్ని సాగదీసి పట్టుకుంది, రోడ్డు దాటేటప్పుడు పెద్దవాళ్ల చెయ్యి పట్టుకున్నట్టు.

బయటికి వచ్చేసరికి ఫణి తెరవైపు చూస్తూ బుర్ర గోక్కుంటున్నాడు.

"ఏటి బాబూ?" అన్నారు మాస్టారు.

"మేడమ్ కూడా లేటయిపోయారండి. ఇప్పుడు ఇద్దరూ గీత దాటిపోయారు."

మాస్టారు హిమజ తల మీద చెయ్యి వేశారు.

"ఇద్దరం కలిసే వచ్చాం కదయ్యా. ఇంక ఆలీసం ఎవరికి?"