ఎనిమిదో డాలు

అనగనగా జర్మనీ దేశంలో, దట్టమైన అడవుల నడుమ ఒక కొండ. ఆ కొండ మీద రాబెన్‌ఫెల్స్ కోట. ఆ కోటలో ఆరు వందల ఏళ్లుగా ఒకటే వంశం. వాళ్లకున్నంత గర్వం ఆ కొండకి కూడా లేదంటే నమ్మండి.

వాళ్ల సభామందిరం గోడకి ఎనిమిది డాళ్లు వేలాడేవి. నలుగురు ముత్తాతలవి నాలుగు, నలుగురు తాతమ్మల పుట్టిళ్లవి నాలుగు. ఎనిమిదీ గొప్పింటివైతేనే అక్కడ మనిషికి మర్యాద. వంశంలో చివరి మగవాడు పోయాడంటే, కమ్మరి వచ్చి ఇంటి డాలుని సుత్తితో పగలగొట్టేవాడు. అంతటితో ఆ వంశం పేరు తుడిచిపెట్టుకుపోయినట్టే.

కోట ప్రభువుకి ముగ్గురు కొడుకులు. పెద్దవాడు ఎబర్‌హార్డ్, రెండోవాడు లోథార్, చిన్నవాడు రూడిగర్. పొరుగు ప్రభువు కూతురు ఆడెల్‌హైడ్‌ని రూడిగర్‌కి ఇస్తామని మాట కూడా అయింది. ఒకనాడు ఏడు అడవుల అవతల ఉండే మాల్‌గ్రిమ్ అనే మాంత్రికుడు వచ్చి, ప్రభువుని రాయిగా మార్చి తన బురుజుకి ఎత్తుకుపోయాడు. పోతూ పోతూ ఒక పందెం విసిరాడు. తన ప్రాణం బురుజులోని ఇనప పంజరంలో, ఒక గోరింకలో ఉందట. ఈ ఇంటి వారసుడెవరైనా వచ్చి ముత్తాతల పేర్లు, తాతమ్మల పేర్లు ఎనిమిదీ సరిగ్గా చెబితే పంజరం తెరుచుకుంటుందట. ఒక్క పేరు తప్పినా వాడూ రాయేనట. గడువు మూడు రోజులు.

ఇంత తేలికైన పందెమా అని కోటంతా నవ్వింది. ముసలి నాయనమ్మ ఓటిలియా మాత్రం నవ్వలేదు. వంశావళి పుస్తకం తీసి పెద్ద మనవడి చేతిలో పెట్టింది. మొదటి రోజు ఎబర్‌హార్డ్ ఆ పుస్తకం చదువుకుని వెళ్లాడు. సాయంత్రానికి గుర్రం ఒక్కటే తిరిగొచ్చింది. రెండో రోజు లోథార్ ఆ పుస్తకమే చదువుకుని వెళ్లాడు. సాయంత్రానికి గుర్రం ఒక్కటే తిరిగొచ్చింది. మూడో రోజు తెల్లారేసరికి కమ్మరి సుత్తి పట్టుకుని వాకిట్లో కూర్చున్నాడు.

రూడిగర్‌కి భయం వేసింది. అయినా పుస్తకం సంచిలో వేసుకుని బయలుదేరాడు. మొదటి అడవి అంచున ఏటి ఒడ్డున పాడుబడ్డ నీటిమర ఉంది. గోధుమలు విసిరి పిండి చేసే మర అది. దాని పక్కన ఒక ముసలి గాడిద, కాలు రాళ్ల మధ్య ఇరుక్కుని నిలబడి ఉంది. అతను గుర్రం దిగి రాళ్లు తొలగించాడు, తన రొట్టె సగం తుంచి పెట్టాడు.

గాడిద రొట్టె తిని మెల్లగా నోరు విప్పింది. "నీ అన్నలు ఇటే వెళ్లారు. పుస్తకంలో ఎనిమిదో పేరు అబద్ధం, నాయనా. అసలు పేరు మీ నాయనమ్మకి తెలుసు. ఈ మర పక్కగా వెళ్లినప్పుడల్లా ఆవిడ తల తిప్పుకుంటుంది."

రూడిగర్ గుర్రాన్ని వెనక్కి తిప్పాడు. సభామందిరంలో చుట్టాలందరూ చేరి ఉన్నారు. అతను తిన్నగా నాయనమ్మ ముందుకెళ్లి మోకాళ్ల మీద కూర్చున్నాడు.

"నాయనమ్మా, మీ అమ్మ పేరు చెప్పు."

ఆవిడ తల తిప్పుకుంది. పుస్తకంలో ఉంది కదా అంది. అతను లేవలేదు. పొద్దు నడినెత్తికి వచ్చింది. వాకిట్లో కమ్మరి దగ్గు వినిపిస్తోంది. ఇద్దరు మనవలు రాళ్లయినా పెదవి విప్పని ఆ ముసలమ్మ, మూడోవాడి మొహం చూసి ఇక ఓర్చుకోలేకపోయింది.

"బెర్తా," అంది. "మర ఆడించేవాడి కూతురు. మా నాన్న గొప్పింటివాడైనా, ఆవిడ నన్ను పిండి బుట్టలో పడుకోబెట్టి పెంచింది. పెళ్లయి ఈ ఇంటికొచ్చాక సిగ్గుపడి నేనే పుస్తకంలో ఆవిడ పేరు కొట్టేసి వేరే గొప్పింటి పేరు రాశాను. నేనే ఎనిమిదో డాలు మీద సింహం బొమ్మ వేయించాను."

చుట్టాలు మొహాలు చిట్లించారు. రూడిగర్ ఆవిడ చేతులు కళ్లకద్దుకుని, ఏడు అడవులూ దాటి, పొద్దు వాలుతుండగా బురుజు చేరాడు. లోపల తండ్రి, ఇద్దరన్నలు రాళ్లయి నిలబడి ఉన్నారు. అతను ఒక్కో పేరే చెబుతుంటే పంజరం మీది గడియలు ఒక్కొక్కటే ఊడాయి. ఏడు ఊడాయి.

మాల్‌గ్రిమ్ చల్లగా నవ్వాడు. "ఎనిమిదోది పలికావంటే నా గోరింక దాన్ని దేశమంతా చాటుతుంది. నీకిస్తామన్న ఆడెల్‌హైడ్‌ని మరవాడి కూతురి మునిమనవడికి ఇస్తారా? నోరు మూసుకుని వెళ్లిపో. నిన్నొక్కణ్ణి వదిలేస్తాను."

రూడిగర్ అన్నల వైపు చూశాడు. ఆడెల్‌హైడ్ అంటే అతనికి ప్రాణం. రాయైపోయిన తండ్రి కళ్లు తన వైపే ఉన్నాయి.

"మా తాతమ్మ బెర్తా," అన్నాడు. "మర ఆడించేవాడి కూతురు."

ఎనిమిదో గడియ ఊడింది. గోరింక రివ్వున ఎగిరిపోయింది. ప్రాణం అలా చెయ్యి దాటిపోగానే మాంత్రికుడు కూలి బూడిదయ్యాడు. రాళ్లు ఊపిరి పీల్చుకున్నాయి. అన్నలు తమ్ముణ్ణి కౌగిలించుకుని ఏడ్చారు.

గోరింక చెప్పవలసింది చెప్పనే చెప్పింది. ఆడెల్‌హైడ్ తండ్రి పెళ్లి కుదరదని కబురు పంపాడు. ఆ కబురు వెనకే ఆడెల్‌హైడ్ గుర్రమెక్కి వచ్చేసింది. ఏడు గొప్పిళ్ల పేర్లకి ఊడిపోని గడియ ఎవరి పేరుకి ఊడిందో నాన్ననే చెప్పమన్నానంది. ఆయన పెళ్లికి ఒప్పుకోక తప్పలేదు. నెల తిరక్కుండా పెళ్లి జరిగింది.

తండ్రి తర్వాత అన్నలిద్దరూ తమ ప్రాణాలు నిలబెట్టిన తమ్ముడికే గద్దె వదిలేశారు. రూడిగర్, ఆడెల్‌హైడ్ యాభై ఏళ్లు చల్లగా ఏలారు.

పెళ్లినాటి ఉదయం ఓటిలియా నిచ్చెన వేయించుకుని, ఎవరి సాయమూ వద్దని, ఎనిమిదో డాలు మీది రంగు తన చేతులతోనే గీకింది. సింహం రాలిపోయింది. దాని కింద మర చక్రం బయటపడింది. ఆవిడ దానికి చెంప ఆనించి, ఎన్నో ఏళ్ల తర్వాత అమ్మా అని పిలిచింది.