పేరిందేవి నీలంపూస

ఒకప్పుడు, మనుషుల ఒళ్లు ఇంకా కొత్తగా ఉన్న రోజుల్లో, ఎండకు కమిలిన చర్మం రాలేది కాదు. ఎంత మాడినా ఒంటిని పట్టుకునే ఉండేది. పొలుసు లేదు, పొర లేదు. ఎందుకు రాలుతుంది చెప్పండి, ఎవరిల్లు వాళ్లు ఊరికే వదులుకుంటారా?

ఆ రోజుల్లో నూకాలు అని ఒకావిడ సముద్రం ఒడ్డున ఉప్పు మడుల్లో పని చేసేది. మడిలో నీళ్లు ఎండి ఉప్పు తేలితే, చెక్కపలకతో దగ్గరకు లాగి, గంపకెత్తి గట్టు మీద పోసేది. పొద్దున్న వంగిన మనిషి మళ్లీ గంజి తాగడానికే నడుం ఎత్తేది. అందుకని సూర్యుడికి ఆవిడ మొహం కన్నా మెడే బాగా తెలుసు.

ఆ మెడ మీద ఒక ఊరుండేది. కణాల ఊరు. గోడంతా ఇటుకలున్నట్టు మన ఒళ్లంతా కణాలే. కాకపోతే ఇవి బతికున్న ఇటుకలు. తింటాయి, తాగుతాయి, పక్కింటివాళ్ల గురించి మాట్లాడుకుంటాయి కూడా.

ఆ ఊళ్లో పేరిందేవి అని ఒక కణం ఉండేది. మంచి మనిషి. పక్కింట్లో ఎవరికి తలనొప్పి వచ్చినా ముందు ఆవిడే పలకరించేది. ఆవిడకున్నది ఒకటే ఆశ, తనకో కూతురు కావాలని. ఏం లాభం, పిల్లను కనడానికి ఊళ్లో ఖాళీ ఉండాలిగా.

ఆ ఊరి పద్ధతి అది. ప్రతి కణం మెడలోనూ ఒక పూసల దండ ఉండేది. ఒక్కో పూస ఒక్కో పని చెప్పేది. ఎర్రపూస ‘పెరుగు’ అనేది. నీలంపూస ‘ఆగు’ అనేది. ఎక్కడైనా దెబ్బ తగిలి చోటు ఖాళీ అయితే పక్కనున్న కణానికి ఎర్రపూస వెచ్చబడేది. అప్పుడు ఆ కణం ఒకటి కాస్తా రెండయ్యేది. కూతురు ఖాళీలో కూర్చునేది. దాని భుజం పక్కవాళ్ల భుజానికి తగిలిందంటే చాలు, నీలంపూస చల్లబడేది. ఇంక అక్కడితో ఆగిపోవాలి.

కూతుర్ని కనేముందు తల్లి తన దండను చూసుకుంటూ అచ్చం అలాంటిదే ఇంకోటి కూర్చి పిల్ల మెడలో వేసేది. దండలో పూస పగిలితే మాత్రం, పూసలు అతికే అమ్మలు వచ్చి బాగుచేసేదాకా పిల్లను కనకూడదు. అది ఊరి కట్టుబాటు.

ఒక ఏడు రోహిణి కార్తె వచ్చింది. రోహిణి ఎండకు రోళ్లు పగులుతాయంటారే, ఆ ఎండ. నూకాలు తలగుడ్డ గాలికి ఎగిరి ఉప్పునీళ్లలో పడింది. తడిసింది తడిసినట్టే గట్టు మీద ఆరేసి ఆవిడ పనిలోకి వంగింది. మెడ మీద నీడన్నది లేదు.

“పక్కకి జరగండర్రా, ఇవాళ నా చేతులు నాకే కాలుతున్నాయి” అన్నాడు సూర్యుడు.

“ఎక్కడికి జరుగుతాం సూరీడూ? మేమేమన్నా కోళ్లమా, చూరు కిందికి పోడానికి?” అంది పేరిందేవి.

ఆ మాట నోట్లో ఉండగానే ఆవిడ మెడలో నీలంపూస టప్పున పగిలి ముక్కలు జారిపోయాయి.

“తగిలిందా తల్లీ?” అన్నాడు సూర్యుడు, పాపం భయపడిపోయి.

“ఏం లేదులే, నీ పని నువ్వు చూసుకో” అంది పేరిందేవి.

ఆ సాయంత్రమే ఉప్పుగంప అంచు నూకాలు మెడకు గీరుకుంది. సరిగ్గా పేరిందేవి పక్కన చోటు ఖాళీ అయింది. ఎర్రపూస వెచ్చబడింది. ఎన్నాళ్లుగానో ఎదురుచూస్తున్న వెచ్చదనం అది. ఆవిడకి కళ్లనీళ్లు తిరిగాయి.

పూసలు అతికే అమ్మల కోసం కబురు పెట్టింది. వాళ్లు వీధి చివర నుంచే కేకేశారు. “ఊరంతా పూసలు పగిలాయమ్మా, మాకున్నవి రెండు చేతులే. నీ వంతు వచ్చేదాకా ఓపిక పట్టు. తొందరపడి పిల్లను కనేవు.”

ఓపిక పట్టిందా? పట్టలేదు. ఖాళీ ఉంది, పూస వెచ్చగా ఉంది, మనసేమో ఆగనంటోంది. ‘ఇన్ని పూసల్లో ఒక్క పూసేగా’ అనుకుంది. దండ బోసిగా కనబడకుండా, నీలంపూస ఉండాల్సిన చోట ఇంకో ఎర్రపూస గుచ్చి కూతురి మెడలో వేసింది. ఆ కూతురికి బుల్లెమ్మ అని పేరు పెట్టింది.

అబ్బ, ఎంత ముద్దుగా ఉండేదో బుల్లెమ్మ! బుగ్గలు, కేరింతలు, ఎప్పుడు చూసినా ఆకలి. పెట్టింది పెట్టినట్టు తినేది. చుట్టుపక్కలవాళ్లు ఎత్తుకుని ఆడించేవాళ్లు. పేరిందేవి సంతోషం చెప్పనలవి కాదు.

కొన్నాళ్లకు బుల్లెమ్మ ఖాళీ నిండా పెరిగింది. భుజం పక్కింటి భుజానికి తగిలింది. ఆగాలి కదా? ఆగలేదు. తనకో కూతుర్ని కంది. ఆ కూతురు ఇంకో కూతుర్ని కంది. తల్లి దండ ఎలా ఉంటే పిల్ల దండా అలాగే కదా, ఒక్కదాని మెడలోనూ నీలంపూస లేదు. పైగా ఆ హడావుడిలో కూర్చిన దండలు రానురాను మరీ అడ్డదిడ్డంగా తయారయ్యాయి. ఊరందరిదీ ఒక దారి, ఉలిపికట్టెది ఒక దారి అన్నట్టయింది.

“కాస్త జరుగు బుల్లెమ్మా, ఊపిరాడటం లేదు” అన్నారు పక్కింటివాళ్లు.

“మీరే జరగండి” అంది బుల్లెమ్మ. పొగరుతో కాదు. జరగడం ఎలాగో దానికి తెలీదు మరి.

ఆ ఊరికి తవిటయ్య అని కావలివాడు ఉండేవాడు. తెల్లబట్టలు కట్టుకుని నెత్తురు కాలవ వెంట తిరుగుతూ గడపగడపకూ ఆగి అందరి దండలూ తడిమి చూసేవాడు. పూస పగిలి వంతు కోసం ఆగినవాళ్లను వదిలేసేవాడు కానీ, తేడాగా కూర్చిన దండ కనబడితే ఆ కణాన్ని తనతో తీసుకుపోయేవాడు. అలా పోయినవాళ్లు మళ్లీ రారు.

ఆయన వీధిలోకి రావడం పేరిందేవి చూసింది. కూతుర్నీ మనవరాళ్లనూ తన కొంగు కింద కప్పేసింది.

“ఎవరు చెల్లెమ్మా, ఆ కొంగులో?” అన్నాడు తవిటయ్య.

“మావాళ్లే అన్నయ్యా. పిల్లలు నిద్రపోతున్నారు” అంది.

పేరిందేవి అంతకుముందెప్పుడూ అబద్ధం ఆడగా ఎవరూ చూడలేదు. ఆయన నమ్మి వెళ్లిపోయాడు. మళ్లీ వచ్చినప్పుడూ అదే మాట, మళ్లీ వెళ్లిపోవడం. కాకిపిల్ల కాకికి ముద్దంటారు. ఆ ముద్దు ఊరి కొంప ముంచుతుందని ఆవిడకి అప్పటికి తెలీదు.

బుల్లెమ్మ సంతానం గుట్టగా పెరిగింది. నెత్తురు కాలవ నుంచి తమ ఇంటికి సొంతంగా పిల్లకాలవ తవ్వుకుంది. ఊరికి రావలసిన తిండి అంతా అక్కడికే పోయేది. నూకాలు మెడ మీద రేగుపండంత బొడిపె లేచింది. గంప ఎత్తితే ఆవిడకి ఆయాసం వచ్చేది. ఒకరోజు నిండు గంపతో గట్టు మీదే కూలబడిపోయింది. ఊళ్లో కణాలన్నీ ఒకదాని మీద ఒకటి పడ్డాయి.

“ఏమైంది అన్నయ్యా?” అంది పేరిందేవి, అటుగా పరిగెడుతున్న తవిటయ్యతో.

“నూకాలు నీరసపడిపోతోంది చెల్లెమ్మా. ఎవరో ఎక్కడో ఆగకుండా తినేస్తున్నారు. ఎంత వెతికినా దొరకడం లేదు. నూకాలు పడిపోతే మనమెవ్వరం ఉండం” అన్నాడు తవిటయ్య, చెమటలు తుడుచుకుంటూ.

పేరిందేవి గబగబా వెనక్కి తిరిగింది. ఇంటికి వచ్చేసరికి బుల్లెమ్మ పిల్లకాలవ ఒడ్డున నిలబడి ఉంది. కూతుళ్లలో కొందరు కాలవలోకి కాళ్లు పెట్టేశారు.

“ఊపిరితిత్తుల ఊళ్లో బోలెడు చోటుందంట అమ్మా. పోతున్నాం” అంది బుల్లెమ్మ.

“వద్దమ్మా. ఇంక ఆగు. మా అమ్మవు కదూ.”

బుల్లెమ్మ తల్లి మొహంలోకి చూసింది. “ఆగడం అంటే ఏంటమ్మా? నాకు ఎప్పుడూ పెరగమనే వినబడుతుంది. తినమనే వినబడుతుంది. నిద్రపోదామన్నా పోనివ్వదు. నువ్వే వేశావుగా నాకీ దండ.”

ఆ మాటకు పేరిందేవి కూలబడి ఏడ్చింది. తప్పు పిల్లది కాదు. పిల్లకు ఆ చల్లదనం ఎలా ఉంటుందో కూడా తెలీదు.

పూసలు అతికే అమ్మల దగ్గరికి పరిగెత్తింది. కాళ్లావేళ్లా పడింది. వాళ్లు తల అడ్డంగా ఊపారు. “పగిలిన పూసయితే అతుకుతాం తల్లీ. పుట్టుకలోనే లేని పూసను ఎక్కణ్నుంచి తెచ్చి గుచ్చుతాం? నిన్నొక్కదాన్నయితే ఇప్పుడైనా బాగుచేస్తాం. కూర్చో.”

పేరిందేవి కూర్చోలేదు.

తిరిగొచ్చి బుల్లెమ్మను దగ్గరకు తీసుకుంది. జుట్టు సవరించింది. ఇన్నాళ్లూ కప్పి ఉంచిన కొంగును తీసేసి వీధిలోకి గట్టిగా పిలిచింది. “తవిటయ్యన్నా, నువ్వు వెతికేది మా ఇంట్లోనే ఉంది. నేనే దాచాను.”

తవిటయ్యలాంటి తెల్లబట్టల కావలివాళ్లు ఊరి నలుమూలల నుంచీ కదిలి వచ్చారు. పిల్లకాలవకు అడ్డుకట్ట వేశారు. బుల్లెమ్మ భయపడి తల్లిని కరుచుకుంది. తవిటయ్య ముందుకు రాలేక అక్కడే నిలబడిపోయాడు.

“నువ్వు పక్కకి తప్పుకో చెల్లెమ్మా. నీ దండ అతికించుకుని సుఖంగా బతుకు.”

“దాన్ని ఒక్కదాన్నీ ఎలా పంపను అన్నయ్యా? చీకటంటే దానికి భయం” అంది పేరిందేవి. “అయినా ఇది ఆ రోజు నేను చేయాల్సిన పని. పూస పగిలి, వంతు రాకపోతే, పిల్లను కనకుండా నేనే తప్పుకోవాల్సింది.”

తన దండ తనే విప్పి కింద పెట్టింది. బుల్లెమ్మను ఒళ్లో పడుకోబెట్టుకుంది. దాని మెడ మీద తన చల్లటి అరచెయ్యి ఆనించింది, సరిగ్గా నీలంపూస ఉండాల్సిన చోట.

“ఇదేనా అమ్మా, ఆగడం అంటే?” అంది బుల్లెమ్మ.

“ఇదేనమ్మా. పడుకో.”

“బాగుంది” అంది బుల్లెమ్మ, కళ్లు మూసుకుంటూ.

తల్లీ కూతురూ అలాగే ఎండిపోయి, పలచటి పొరై పైకి తేలారు. మిగతా పిల్లలనూ తెల్లబట్టలవాళ్లు తీసుకుపోయారు. బొడిపె మెల్లగా అణిగింది. కొన్నాళ్లకు నూకాలు మెడ మీద చెయ్యి వేసుకుంటే పొర ఊడి వేళ్లకు అంటుకుంది. ‘ఏమిటో’ అనుకుని ఊదేసింది. సముద్రపు గాలి దాన్ని ఎత్తుకుపోయింది. ఆవిడ మళ్లీ గంప ఎత్తుకుంది.

పైనుంచి చూస్తున్న సూర్యుడు ఆ పూట మబ్బు చాటుకు పోయి ఎవరికీ మొహం చూపించలేదు.

ఊళ్లో కణాలన్నీ పేరిందేవి వదిలిన దండ చుట్టూ కూర్చుని ఒక మాట అనుకున్నాయి. ఎండకు పూస పగిలి, అతకడం కుదరకపోతే, ఆ కణం పిల్లను కనకముందే అందరికీ చెప్పి తనే తప్పుకోవాలి. దాదాపు అందరూ ఆ మాట మీదే ఉంటారు కానీ, ఎప్పుడైనా ఎక్కడైనా ఒక పిచ్చితల్లి మళ్లీ కొంగు కప్పేస్తుంది. తవిటయ్యలు ఆ కొంగు కింద చూడలేకపోతారు. అలాంటప్పుడే ఒంట్లో గడ్డ లేస్తుంది, డాక్టర్లు కూడా వచ్చి వాళ్లతో కలిసి వెతకాల్సి వస్తుంది. అందుకే ఒంటి మీద కొత్తగా ఏది లేచినా పెద్దవాళ్లకు చెప్పాలి, కప్పిపెట్టకూడదు.

ఎండలో ఆడొచ్చిన నాలుగు రోజులకు మీ మెడ మీద పలచటి పొర లేస్తే గోళ్లతో పీకకండర్రా. అది మీకోసం ఇల్లు ఖాళీ చేసి పోతున్న ఒక పేరిందేవి. అప్పటినుంచే ఎండకు కమిలిన చర్మం పొలుసు పొలుసుగా రాలిపోతుంది, దాని కింద లేతచర్మం భుజం భుజం తగిలేదాకా పెరిగి, తగలగానే ఆగిపోతుంది.