గొంగళివాడి ముఖం

ఒకానొక రాజ్యంలో రాజుగారికి ఒక కల వచ్చింది. మామూలు మనిషికి పీడకల వస్తే మంచినీళ్ళు తాగి అటు తిరిగి పడుకుంటాడు. రాజుకు వస్తే ఊరికంతటికీ నిద్ర ఉండదు. చిక్కంతా అక్కడే మొదలైంది.

ఆ రాజ్యం పేరు కీర్తిపురం. రాజు పేరు విజయకేతన భూపతి. ఆయన సభలోకి వచ్చేటప్పుడు బిరుదులు చదివేవాడు నడుమ నడుమ ఆగి ఊపిరి పీల్చుకోవలసి వచ్చేది. ఆ బిరుదులన్నీ అయ్యేదాకా రాజుగారు గుమ్మంలోనే నిలబడేవారు. ఒక్కటి తగ్గినా లోపలికి అడుగు పెట్టేవారు కాదు.

అలాంటి రాజుగారి కలలోకి నల్ల గొంగళి కప్పుకున్న మనిషి ఒకడు వచ్చేవాడు. వాడి భుజాన సంచి. మంచం పక్కన నిలబడి సంచి మూతి విప్పేవాడు. అంతే, రాజుగారు కేక పెట్టి లేచేవారు. రోజూ ఇదే వరస. దీన్ని భయమని ఎవరూ అనడానికి లేదు. రాజుగారే దానికి ఆగ్రహం అని పేరు పెట్టారు. "మాకు మళ్ళీ ఆగ్రహం వచ్చింది" అని పొద్దున్నే సభలో చెప్పేవారు. సభ తల ఊపేది.

కొలువులో ఇద్దరు పండితులున్నారు. ఒకాయన ఏకామ్రనాథుడు. మనిషి మనసు లోపల ఏముందో, కలలు ఎక్కడ పుడతాయో చెప్పేవాడు. రెండో ఆయన భద్రేశ్వరుడు. వీధులు, కులాలు, ఆచారాలు, ఎవరు ఎక్కడ నిలబడాలి, ఎందుకు నిలబడాలి, అదీ ఆయన శాస్త్రం. ఒకాయనకు మనసు తప్ప ఊరు కనబడదు. ఇంకొకాయనకు ఊరు తప్ప మనిషి కనబడడు. ఇద్దరూ ఒకరి మాట ఒకరు వినకూడదని ఒట్టు పెట్టుకున్నారు. వాళ్ళ ఒట్టు కోసం సభ మధ్యలో ఒక తెర కట్టించారు. తెరకు అటొకరు, ఇటొకరు. మధ్యలో రాజుగారు మెడ తిప్పుకోలేక చచ్చేవారు.

కల సంగతి అడిగితే ఏకామ్రనాథుడు, ఆ గొంగళివాడు ప్రభువుల మనసులోనే ఉన్నాడు, వాణ్ణి అక్కడి నుంచి వెళ్ళగొట్టాలి అన్నాడు.

తెరకు అవతల భద్రేశ్వరుడు, గొంగళ్ళు నేసే జనం కాలవకు అవతల పేటలో ఉన్నారు, సంతరోజు తప్ప వాళ్ళు కాలవ దాటకూడదన్నది ఆచారం, వెలి పెట్టినవాళ్ళకు కోపం ఉంటుంది అన్నాడు.

ఇద్దరూ చెప్పింది అబద్ధమేమీ కాదు. ఇద్దరూ ఒక చోట కూర్చుని మాట్లాడుకుని ఉంటే ఈ కథే లేదు. కూర్చోలేదు. రాజుగారు ఆ సగమూ ఈ సగమూ తనే అతికించుకున్నారు. గొంగళివాణ్ణి వెళ్ళగొట్టాలి అన్నాడు ఒకడు. గొంగళివాళ్ళు కాలవ అవతల ఉన్నారు అన్నాడు ఇంకొకడు. కాబట్టి కాలవ అవతలి పేటను ఖాళీ చేయించాలి. వానలు ముదిరేలోగా గొంగళ్ళ పేటవాళ్ళు గొర్రెలతో, మగ్గాలతో పొలిమేర దాటిపోవాలని ఆజ్ఞ అయింది.

కొలువులో గవరయ్య అనే హాస్యగాడు ఉన్నాడు. రాజును నవ్వించడం ఆయన ఉద్యోగం. మధ్యవయసు, కాస్త పొట్ట, చిరాకు ఎక్కువ. నవ్వించేవాళ్ళకు చిరాకు ఎక్కువగానే ఉంటుంది. ఆజ్ఞ వెలువడిన రోజు పేట పెద్ద బీరప్ప ఆయన ఇంటికి వచ్చాడు. కాలవ దాటినందుకు దెబ్బలు తగులుతాయని తెలిసే వచ్చాడు. అరుగు కింద నిలబడి, పోగులకు చింతగింజల గంజి పట్టించి మగ్గం ఎక్కించామనీ, ఇప్పుడు దించితే ఏడాది పొడుగునా కూడబెట్టిన ఉన్ని అంతా కుళ్ళిపోతుందనీ, వానలో గొర్రెలను తోలుకుని ఎక్కడికి పోవాలో తెలియడం లేదనీ చెప్పాడు. తన కోడలికి నెలలు నిండాయని చివర్న, ఏదో గుర్తొచ్చినట్టు అన్నాడు.

"మేం చేసిన తప్పేంది సామీ?" అని అడిగాడు.

"కలలోకి పోయినారు" అన్నాడు గవరయ్య.

"నేనెప్పుడూ పోలేదే" అన్నాడు బీరప్ప.

గవరయ్య తెల్లారి పండితుల దగ్గరికి పోయాడు. ఏకామ్రనాథుణ్ణి, ఆ గొంగళివాడు రాజుగారి మనసులోకి ఏ దారిన వచ్చాడయ్యా అని అడిగాడు. మనసుకు దారులు ఉండవు, అది తనలో తానే పుట్టించుకుంటుంది అన్నాడాయన. భద్రేశ్వరుణ్ణి, కాలవ దాటకూడదన్న ఆచారం ఎవరి గుండెలోంచి వచ్చిందయ్యా అని అడిగాడు. ఆచారానికి గుండె ఉండదు, అది ఉంటుంది, అంతే అన్నాడాయన. గవరయ్యకు ఒళ్ళు మండింది. మనిషి లేని ఊరు ఒకరిది, ఊరు లేని మనిషి ఒకరిది. వీళ్ళకు భత్యం ఇచ్చేది ఖజానా.

విసుగ్గా అంతఃపురం పెరట్లోంచి పోతున్నాడు. అక్కడ చిన్నారి యువరాణికి దాది అచ్చవ్వ అన్నం తినిపిస్తోంది. అచ్చవ్వ అంటే రాజుగారిని కూడా ఎత్తుకు పెంచిన మనిషి. పిల్ల నోరు బిగించుకుంది. అచ్చవ్వ ముద్ద పట్టుకుని, కాలవ వైపు వేలు చూపించి, "మింగు తల్లీ. గొంగళోడు వస్తాడు. సంచీలో వేసుకుపోతాడు" అంది. పిల్ల గుటుక్కున మింగింది.

గవరయ్య అక్కడే కూలబడ్డాడు.

"అచ్చవ్వా, ఈ మాట రాజుగారికి కూడా చెప్పావా?"

"చెప్పకపోతే ఆ ఒళ్ళు ఎక్కడి నుంచి వచ్చిందనుకున్నావు? వాళ్ళ నాయనకు మా అత్త చెప్పింది. రాజులు ఊరికే తింటారా?" అంది అచ్చవ్వ.

ఆ మధ్యాహ్నమే గవరయ్య పేటకు పోయాడు. ఒక గుడిసె ముందు నిలబడి అక్కడి తల్లి ఏం చెప్పి తినిపిస్తోందో విన్నాడు. విని నవ్వాలో తల బాదుకోవాలో తెలియక తిరిగొచ్చాడు.

మర్నాడు సభలో, ఆజ్ఞ అమలు చేయడానికి ముందు ఒక ధర్మసందేహం ఉందని విన్నవించాడు. రాజుగారి తాతగారు సభాద్వారం మీద రాతిలో చెక్కించిన శాసనం ఒకటుంది. నేరస్థుణ్ణి చూసినవాడు కళ్ళారా గుర్తుపట్టనిదే శిక్ష లేదు, అని. రాజుగారు రోజూ దాన్ని పైకి చదివి, మా వంశం ఇలాంటిది అనేవారు. ఎన్నడూ వాడింది లేదు.

"ప్రభూ, కలలోకి వచ్చినవాణ్ణి చూసింది ఈ రాజ్యంలో తమరొక్కరే. గుర్తుపట్టవలసింది తమరే. తమరు పేటకు వచ్చి, వీడే అని చూపించాలి" అన్నాడు గవరయ్య.

రాజుగారి ముఖం తెల్లబడింది. నేరస్థులనే ఇక్కడికి ఈడ్చుకు రమ్మన్నారు. భటులను చూస్తే అసలువాడు పారిపోతాడు, పల్లకీని చూస్తే ముందే దాక్కుంటాడు, తమరు వాళ్ళలో ఒకరిలా నడిచి రావాలి అన్నాడు గవరయ్య. వాన పడుతోంది గనుక గొంగళి కప్పుకుంటే ఎవరికీ అనుమానం రాదని కూడా అన్నాడు.

"గొంగళా? మేమా?"

"తమకు భయమని సభవారు అనుకుంటే..."

"మాకు ఉన్నది ఆగ్రహం" అన్నారు రాజుగారు. అన్న తరవాత ఇక వెనక్కు పోవడానికి లేదు.

గొంగళి కప్పుకునేటప్పుడు ఆయన ముక్కు మూసుకున్నారు. గొర్రెవాసన వస్తోందన్నారు. గుచ్చుకుంటోందన్నారు. కాలవ మీది దుంగల వంతెన దాటేసరికి, ఇది వెచ్చగానే ఉందే అన్నారు. వాన ఎక్కువైంది. దారిలో ఎవరూ బిరుదులు చదవలేదు. మోకాళ్ళదాకా బురద.

పేటలో గవరయ్య ప్రతి మనిషినీ చూపించాడు. ఇతనా ప్రభూ? కాదు, వీడికి పళ్ళు లేవు. ఇతనా? కాదు, వీడు నవ్వుతున్నాడు. ఇదిగో బీరప్ప. కాదు, ఈ ముసలాయన కళ్ళు ఎర్రగా ఉన్నాయి, ఏడ్చాడా ఏమిటి? అడిగి అడిగి గవరయ్య విసిగిపోయి, అసలు వాడి ముఖం ఎలా ఉంటుందో చెప్పండి అన్నాడు.

రాజుగారు కళ్ళు మూసుకుని కలను గుర్తుచేసుకున్నారు. "వాడికి ముఖం లేదు" అన్నారు.

వాన తప్పించుకోవడానికి ఇద్దరూ ఒక గుడిసె చూరు కింద నిలబడ్డారు. లోపల కొమురవ్వ అనే ఆమె కూతురికి సంకటి తినిపిస్తోంది. పిల్ల నోరు తెరవడం లేదు.

"మింగుతావా లేదా? రాజు వస్తాడు. సంచీలో వేసుకుపోతాడు" అంది కొమురవ్వ.

"ఎట్లుంటాడు?"

"మీసాలు ఇంత పొడుగు. కాళ్ళు నేల మీద ఆనవు. పిల్లోళ్ళను చూస్తే వానికి ఆకలి."

పిల్ల గుటుక్కున మింగింది. మింగి, చూరు కింద నిలబడిన గొంగళి మనిషిని చూసి, "మామా, నువ్వు రాజును చూసినావా?" అని అడిగింది.

రాజుగారు బురద కాళ్ళ వంక చూసుకున్నారు. "చూశాను" అన్నారు.

"ఎత్తుకుపోతాడా?"

"పోడమ్మా. వాడికి రాత్రులు నిద్రే పట్టదు. వాడు ఎవరిని ఎత్తుకుపోతాడు?"

పిల్ల వెంటనే నోరు బిగించేసింది. కొమురవ్వకు కోపం వచ్చింది. "ఎవరయ్యా నువ్వు? తినే పిల్లను చెడగొట్టినావు. నీకు పిల్లల్లేరా? పో అవతలికి" అని గదమాయించింది. విజయకేతన భూపతి, ఆ బిరుదులన్నిటితో సహా, వానలోకి దిగారు.

వంతెన దగ్గర ఆగి, ఆయన మండిపడ్డారు. "మేము ఏనాడైనా పిల్లలను సంచిలో వేసుకున్నామా? ఆమె మమ్మల్ని చూసిందా? ముఖమైనా తెలుసా?"

"వాళ్ళు వేసుకున్నారా ప్రభూ?" అన్నాడు గవరయ్య.

రాజుగారు గొంగళిని ఇంకొంచెం దగ్గరగా లాక్కున్నారు.

మర్నాడు సభలో గవరయ్య తెర పక్కకు లాగి, పండితులిద్దరినీ ఒకే చాప మీద కూర్చోబెట్టాడు. ఇద్దరూ చెరో అంచుకూ జరిగారు.

"అయ్యలారా, దాది మాట రాజుగారి కలలోకి పోయింది. కల ఆజ్ఞ అయింది. అంతకుముందు ఇదే మాట విన్న పెద్ద ప్రభువుల, అంటే రాజుగారి నాయనగారి, కల కాలవ దాటకూడదనే ఆచారమైంది. దాటరు గనుక వాళ్ళ ముఖాలు ఎవరికీ తెలియవు. తెలియవు గనుక దాది మళ్ళీ అటు వేలు చూపించి ముద్ద పెడుతోంది. అవతల కొమురవ్వ ఇటు చూపించి పెడుతోంది. ఇందులో మనసు ఎక్కడ ఆగింది, ఊరు ఎక్కడ మొదలైంది? గీత గీసి చూపించండి" అన్నాడు.

ఏకామ్రనాథుడు భద్రేశ్వరుడి వంక చూశాడు. భద్రేశ్వరుడు ఏకామ్రనాథుడి వంక చూశాడు. ఏళ్ళ తరబడి ఒకరి ముఖం ఒకరు చూడని మనుషులు. భద్రేశ్వరుడు మెల్లగా, మీకు జుట్టు నెరిసిందే అన్నాడు.

రాజుగారు తాతగారి శాసనం పైకి చదివారు. చూసినవాడు గుర్తుపట్టలేదు గనుక శిక్ష లేదన్నారు. పేట ఖాళీ చేయనక్కరలేదు, ఇకమీదట ఎవరైనా ఏ రోజైనా కాలవ దాటవచ్చు అని కొత్త ఆజ్ఞ రాయించారు. బీరప్ప కోడలికి పురుడు వస్తే అంతఃపురం మంత్రసానిని పంపమన్నారు. పండితులిద్దరూ ఇకమీదట ఒకే చాప మీద కూర్చోవాలన్నారు. ఆ ఆజ్ఞకు మాత్రం ఇద్దరూ వెంటనే అభ్యంతరం చెప్పారు. దేనికి అభ్యంతరం అన్న విషయంలో మళ్ళీ గొడవపడ్డారు. వాదన మధ్యాహ్నందాకా సాగింది. గవరయ్య చెవులు మూసుకుని పెరట్లోకి పోయాడు. రాజుగారూ ఆయన వెనకే పోయారు.

పెరట్లో అచ్చవ్వ ముద్ద పట్టుకుని దిగాలుగా కూర్చుంది. రాజుగారిని చూసి నిష్ఠూరమాడింది. "గొంగళోణ్ణి తీసేశావు నాయనా. ఇప్పుడీ పిల్లకు ఏం చెప్పి పెట్టను? పొద్దుట్నుంచీ నోరు తెరవలేదు."

అంతలో సభలోంచి పండితుల కేకలు వినబడ్డాయి. మనసే ముందు అంటాడొకడు. ఊరే ముందు అంటాడింకొకడు. అచ్చవ్వ తల తిప్పి విని, పిల్లతో తాపీగా అంది.

"మింగు తల్లీ. లేకపోతే ఆ ఇద్దరూ ఇక్కడికి వచ్చి కూర్చుంటారు."

పిల్ల ముద్ద మింగి, రెండో ముద్దకు నోరు తెరిచింది.

రాజుగారు నవ్వారు. కడుపు పట్టుకుని, పెరటి గట్టు మీద చతికిలబడి నవ్వారు. తరవాత చేతి కంకణం తీసి గవరయ్య చేతికి తొడిగారు. ఇంకేమైనా కావాలా అని అడిగితే, ఆ సభ తెర ఇప్పించండి ప్రభూ, ఇక దానితో ఇక్కడ పని లేదు, మా ఇంట్లో దోమలు ఎక్కువ అన్నాడు గవరయ్య.

తెర ఇచ్చారు. గొంగళి మాత్రం రాజుగారు ఎవరికీ ఇవ్వలేదు. వానాకాలమంతా దాన్ని కప్పుకునే పడుకున్నారట. నిద్ర బాగా పట్టిందట.