చిట్టిముల్లు ఏ రంగు?

అనగనగా ఒక అడవి. అడవంటే పులులూ ఏనుగులూ తిరిగే అడవి కాదర్రా. ఒక ఇంటి వసారాలో, గోడవారగా పెట్టిన పెద్ద అద్దాల పెట్టెలో ఉన్న అడవి. అందులో ఇసుక ఉంది, రాళ్ళున్నాయి, ఒక ఎండుకొమ్మ ఉంది, నీళ్ళ పళ్ళెం ఉంది. సూర్యుడు కూడా ఉన్నాడు. ఓ మూల పైనుంచి వేలాడే వేడి దీపమే ఆ సూర్యుడు. ఇంటావిడ హైమవతి పొద్దున్నే మీట నొక్కితే ఉదయించేవాడు, సాయంత్రం నొక్కితే అస్తమించేవాడు.

ఆ అడవిలో గడ్డపు తొండలు ఉండేవి. ఎక్కడో దూరదేశపు ఎడారి జాతి అవి. గొంతు కింద ముళ్ళుముళ్ళుగా గడ్డం ఉంటుంది. వాటిలో ఎన్ని రంగులనుకున్నారు! ఇటుక ఎరుపు, పసుపుకొమ్ము రంగు, గంధం రంగు, నిమ్మపండు రంగు. తొండ ముదిరితే ఊసరవెల్లి అవుతుందని మనం వేళాకోళానికి అంటాం గానీ, పాపం, ఈ తొండలు ఎవరినీ మోసం చెయ్యడానికి రంగు మార్చవు. చలేస్తే వాటి ఒళ్ళు నల్లబడుతుంది. వెచ్చబడితే అసలు రంగు తేలుతుంది. కుబుసం విడిచే ముందు తెల్లగా పాలిపోతాయి. నొప్పో భయమో కలిగితే గడ్డం నల్లబడిపోతుంది. ఈ సంగతి అక్కడ ప్రతి తొండకూ తెలుసు. తెలిసి కూడా ఏం చేశాయో వినండి.

వాటన్నిటికీ పెద్ద పసిడిగడ్డం తాత. రంగులు గుర్తుపట్టడంలో ఆయన తర్వాతే ఎవరైనా. అక్కడ ఒక ఆచారం ఉండేది. పిల్ల తొండకి కాస్త ఒళ్ళొచ్చాక ఒకనాటి పొద్దున్నే దాన్ని తాత ముందు నిలబెట్టేవారు. దాన్ని రంగుపొద్దు అనేవారు. తాత దాని చుట్టూ తిరిగి, తల అటూ ఇటూ వంచి చూసి, "ఇది ఫలానా రంగు" అనేవాడు. తాత రంగు చెప్పేదాకా పిల్ల నోరు మెదపకూడదు. చెప్పాక ఆ మాట మారకూడదు.

మామూలు రంగులవాళ్ళు దీపం కింద గరుకు బండ మీద ఉండేవారు. అరుదైన రంగు పుడితే మాత్రం ముందు బండ మీద కూర్చోబెట్టేవారు. అది అద్దానికి దగ్గరగా ఉండే నున్నటి పాలరాయి. వచ్చిపోయే చుట్టాలు ఆగి చూసేది అక్కడే. ఒకప్పుడు తాత ఆ బండ మీదే ఉండేవాడు. "అబ్బ, గడ్డం బంగారమండీ!" అని జనం అద్దానికి ముక్కులానించి చూసేవారు. అప్పట్లో ఆ బండ మీద పొద్దుటెండ పడేది. ఎదురింటివాళ్ళు మేడ కట్టాక ఎండ రావడం మానేసింది. బండకి గౌరవం మాత్రం మిగిలింది. తాత గడ్డం కూడా వెలిసిపోయి ఎండుగడ్డి రంగుకు దిగింది. ఇప్పుడు ఆయన కోసం ఎవరూ ఆగడం లేదు. ఆ దిగులు ఆయన ఎవరికీ చెప్పలేదు.

తాతకి ఒక మనవరాలు ఉంది. పేరు చిట్టిముల్లు. దాని రంగుపొద్దు వచ్చింది.

ఆ పొద్దున కరెంటు లేదు. దీపం వెలగలేదు. రాత్రి చలి ఇంకా ఇసుకలోనే ఉంది. తల్లి ఇసుకమ్మ పిల్లని తీసుకొచ్చి తాత ముందు నిలబెట్టింది. చిట్టిముల్లు ఒళ్ళంతా కాటుక రాసినట్టు నల్లగా ఉంది.

తాత కళ్ళు మెరిశాయి. దీపం వెలిగేదాకా ఆగుదామని ఒక్క క్షణం అనిపించింది. ఆగితే ఈ నలుపు ఉంటుందో ఉండదో అని కూడా అనిపించింది. అంతే, ఆగలేదు.

"నలుపు!" అన్నాడు. "మన అడవిలో ఇంతవరకు పుట్టని నల్లరకం. నా మనవరాలు!"

"తాతా, నాకు చలే..." అంది చిట్టిముల్లు.

"ష్! రంగు చెప్పేటప్పుడు మాట్లాడకూడదమ్మా."

అందరూ తలలూపి దండాలు పెట్టారు. చిట్టిముల్లుని ఊరేగింపుగా తీసుకెళ్ళి ముందు బండ మీద కూర్చోబెట్టారు. కరెంటు వచ్చింది, దీపం వెలిగింది, కానీ దాని వేడి అంతదూరం రాదు. పాలరాయి చల్లగా ఉంది. ఆ చలికి పిల్ల నల్లగానే ఉండిపోయింది.

"చూశారా, నలుపే!" అన్నాడు తాత.

ఇసుకమ్మకి మనసు ఊరుకోలేదు. తాత కునుకు తీస్తుంటే చప్పుడు చెయ్యకుండా పిల్లని దీపం కిందికి తెచ్చుకుంది. చిట్టిముల్లు గరుకు బండని కరుచుకుని, కళ్ళు మూసుకుని, పొట్ట నిండా వేడి తాగింది. కాసేపటికి నలుపు కరిగిపోయింది. లోపలినుంచి తేనెరంగు తేలింది.

అప్పుడే తాతకి మెలకువ వచ్చింది. చూశాడు. బాగా చూశాడు. తన మాట తప్పని ఆయనకి అర్థమైపోయింది.

"మామయ్యా," అంది ఇసుకమ్మ భయంభయంగా, "ఇది నల్లరకం కాదు. చలికి అలా అయింది. ఇక్కడే ఉండనివ్వండి."

చుట్టూ తొండలన్నీ తాత వైపే చూస్తున్నాయి. ఒక్క మాట అంటే చాలు. "అవునమ్మా, పొరబడ్డాను" అంటే అయిపోయేది. కానీ తాత నీళ్ళు నమిలాడు. ఇన్నేళ్ళుగా తప్పని మాట ఇవాళ తప్పిందంటే రేపు తన మాట ఎవరు వింటారు? అద్దం దగ్గర ఇంకెవరు ఆగుతారు?

"దీపం వెలుగు అలా భ్రమ పెడుతుంది," అన్నాడు. "ఇది నల్లరకమే. తీసుకెళ్ళి దాని చోట కూర్చోబెట్టు."

తాను పట్టిన కుందేలుకి మూడే కాళ్ళన్నట్టు మాట్లాడాడు గానీ, నాలుగో కాలు ఆయనకి బాగానే కనిపించింది. అక్కడున్న ఇంకెవరికీ నోరు పెగల్లేదు. పెద్దాయన అన్నాక మనమెవరం అనుకున్నారు. ఇసుకమ్మ ఏడుస్తూ పిల్లని తీసుకెళ్ళి చల్లటి రాతి మీద దించింది.

ఇంతలో హైమవతి కూతురి పురిటికని ఊరెళ్ళింది. పక్కింటావిడ వచ్చి, దీపం వేసి, కీచురాళ్ళూ ఆకులూ లోపల పడేసి, నీళ్ళు పోసి, వంట ఆలస్యమైపోతోందంటూ పరిగెత్తేది. ఏ తొండ ఎలా ఉందో ఆవిడకేం తెలుస్తుంది?

కొన్నాళ్ళకి చిట్టిముల్లు ఒళ్ళు తెల్లగా పాలిపోయింది. కుబుసం విడిచే సమయం వచ్చింది. అలాంటప్పుడు ఏ తొండయినా గరుకు రాయికి ఒళ్ళు రాసుకుంటుంది, నీళ్ళ పళ్ళెంలో కాసేపు కూర్చుంటుంది. ముందు బండేమో నునుపు. అరుదైన రంగు కరిగిపోతుందని దాన్ని నీళ్ళ దగ్గరికి పోనిచ్చేవారు కాదు.

"తాతా, ఒళ్ళంతా బిగుసుకుపోతోంది," అంది చిట్టిముల్లు.

తాత దాన్ని చూసి గొంతు సవరించుకున్నాడు. "నలుపు మీద వెండి పూత! ఇది ఇంకా అరుదు. కదలకమ్మా, చెరిగిపోతుంది."

వెనక ఎవరో "కుబుసం కదూ?" అని గొణిగారు. తాత చూసేసరికి ఆ గొణుగుడు ఆగిపోయింది.

కుబుసం అరకొరగా ఊడింది. తోక చివర మాత్రం పాత చర్మం ఉంగరంలా బిగిసిపోయింది. ఎండినకొద్దీ ఇంకా బిగిసింది. తోక కొస నల్లబడడం మొదలుపెట్టింది.

"తాతా, తోక నొప్పెడుతోంది," అంది చిట్టిముల్లు.

"చూశారా?" అన్నాడు తాత అందరి వైపూ తిరిగి. "నా మాట నిజమైంది. నలుపు తోకనుంచి బయటికి వస్తోంది!"

ఆ తర్వాత చిట్టిముల్లు తాతతో ఏమీ చెప్పలేదు. చెప్పినా ఏం లాభం? దాని ఎదురుగా కీచురాయి నడుచుకుంటూ పోయినా నాలుక చాపేది కాదు. ఇసుకమ్మ ఆకు తెచ్చి నోటికందిస్తే మొహం తిప్పేసుకునేది.

ఒక మధ్యాహ్నం తాత ముందు బండ దగ్గరికి వచ్చాడు. వసారాలోకి పక్కింటావిడతో ఎవరో చుట్టాలొచ్చినట్టు మాటలు వినిపించాయి, మనవరాలిని చూస్తారేమోనని ఆశ. చిట్టిముల్లు తల వాల్చి పడుకుని ఉంది. దాని గడ్డం బొగ్గులా నల్లగా ఉంది.

తాత అక్కడే ఆగిపోయాడు. ఆ నలుపు ఆయనకి తెలుసు. తనకి తోడుగా ఉన్న ముసలి భార్య చచ్చిపోయిన రోజున, పచ్చి నీళ్ళు ముట్టకుండా ఆ నీళ్ళ పళ్ళెం పక్కనే పడి ఉన్నప్పుడు, ఆ నీళ్ళలో తన గడ్డం ఇలాగే కనిపించింది. అప్పుడు ఎవరైనా వచ్చి తనని చూసి, "అబ్బ, నల్లగడ్డం రకం!" అని ఉంటే? అది రంగు కాదు, ఏడుపు.

చుట్టాలు అద్దం ముందుకి వచ్చారు. తాత వాళ్ళ వైపు తిరగలేదు. మనవరాలి పక్కన ఇసుకలో కూర్చుని, తల దాని తలకి ఆనించి, ఇన్నాళ్ళూ అడగని మాట అడిగాడు.

"ఎక్కడే తల్లీ నొప్పి?"

చిట్టిముల్లు మెల్లగా కళ్ళు తెరిచింది.

"ఇప్పుడు లేదు తాతా. నిన్నటిదాకా ఉండేది."

నొప్పి తగ్గిపోయిందని అంటే మనం సంతోషిస్తాం కదూ? తాత సంతోషించలేదు. ఆయన తోక వైపు చూశాడు. ఆ కొసలో నొప్పి తెలియడానికి ప్రాణం మిగల్లేదని ఆయనకి అర్థమైంది. ముసలి గొంతు ఎత్తి ఒక్క కేక పెట్టాడు.

"ఇసుకమ్మా! అందరూ రండి! దీన్ని దీపం కిందికి తీసుకెళ్ళండి!"

"మరి నల్లరకం..." అన్నాడొక ముసలి తొండ.

"నల్లరకమూ లేదు, నా మొహమూ లేదు!" అన్నాడు తాత. "నేను తప్పు చెప్పాను. తప్పని తెలిసిన రోజున కూడా తప్పే చెప్పాను. పిల్లని లేపండి!"

అందరూ పరుగున వచ్చారు. చిట్టిముల్లుని ముందు నీళ్ళ పళ్ళెంలో నానబెట్టారు. ఇసుకమ్మ పాత చర్మాన్ని నెమ్మదిగా, కొంచెం కొంచెంగా ఒలిచింది. తర్వాత దాన్ని దీపం కింద గరుకు బండ మీద పడుకోబెట్టి, అందరూ జరిగి చోటిచ్చారు. తాత తన చోటు కూడా ఇచ్చేసి కిందికి దిగాడు. ఒళ్ళు వెచ్చబడ్డాక చిట్టిముల్లు ఒక కీచురాయిని తింది. మర్నాడు రెండోది అడిగింది. ప్రాణం నిలిచింది.

తోక కొస మాత్రం నిలవలేదు. ఎండిన పుల్లలా ఊడి ఇసుకలో పడిపోయింది. బల్లికయితే తోక ఊడినా మళ్ళీ మొలుస్తుంది. గడ్డపు తొండకి మొలవదు. కాలు జారితే తీసుకోగలం గానీ నోరు జారితే తీసుకోలేం అంటారు చూడండి. తాత నోరు జారిన మాటని వెనక్కి తీసుకున్నాడు, కానీ తోక వెనక్కి రాలేదు. ఆయన ఆ ముక్కని అక్కడే ఇసుకలో పూడ్చాడు. చాలాసేపు అక్కడినుంచి లేవలేదు.

మళ్ళీ ఒక పిల్లకి రంగుపొద్దు వచ్చింది. నేను రంగులు చెప్పనంటే చెప్పనన్నాడు తాత. మీరు కాకపోతే ఇంకెవరు చెబుతారని అందరూ పట్టుబట్టారు. చివరికి తాత ఒప్పుకుని, దీపం వెలిగి ఇసుక వెచ్చబడేదాకా ఆగాడు. ఆ తర్వాత పిల్ల ముందు తల వంచి అడిగాడు.

"చలేస్తోందా అమ్మా? ఆకలేస్తోందా? ఎక్కడైనా నొప్పెడుతోందా?"

నోరు మెదపకూడదని నేర్పించి పంపిన పిల్ల, తల్లి వైపు బిత్తరగా చూసింది.

"చెప్పమ్మా," అన్నాడు తాత. "నువ్వు చెప్పాకే నేను చెబుతాను."

దీపం కింద గరుకు బండ మీద, కురచ తోకతో, తేనెరంగులో, చిట్టిముల్లు ఇదంతా చూస్తోంది. ఆ పిల్ల పని అయ్యాక తాత మెల్లగా మనవరాలి దగ్గరికి వచ్చాడు.

"నీకు నేను సరైన రంగు ఇంకా చెప్పనే లేదు కదే తల్లీ," అన్నాడు. "చెప్పమంటావా?"

చిట్టిముల్లు కొంచెం జరిగి, పక్కన ఆయనకి చోటు చేసింది.

"రంగు తర్వాత చూద్దువుగాని తాతా. ఇక్కడ వెచ్చగా ఉంది, రా."

నీతి: ఎదుటివారికి పేరు పెట్టేముందు వారి బాధేమిటో అడగాలి. తప్పని తెలిసిన మాటని ఆ క్షణమే వెనక్కి తీసుకోవాలి. ఆలస్యమైతే మాట వెనక్కి వచ్చినా, పోయింది తిరిగి రాదు.