మూడో చరణంలోని మౌనం

ప్రశ్నకు సూటిగా జవాబు చెప్పడం చౌరయ్య మేష్టరుకు అలవాటు లేదు. కతోలిక దేవాలయ గాయకబృందాన్ని యౌవనం నుంచీ నడిపిన ఆయన, దగ్గు ముదిరిన ఆ ఏడాది కూడా హార్మోనియం ముందే కూర్చునేవారు.

ఒక సాయంత్రం శిష్యుడు లూర్దయ్య కోపంగా వచ్చాడు. పొరుగు చర్చి విచారణ యువకులు భూస్థాపన గీతం నేర్చుకోవడానికి వచ్చి వరండాలో కూర్చున్నారు. నలుగురు నాలుగు వరసల్లో ఒకేసారి పాడే నాలుగు స్వరాల లత్తీను భాషా గీతం అది. ఎప్పుడో ఒక విదేశీ గురువు చెవికి చెప్పి నేర్పి వెళ్లినది.

“వాళ్లకు వద్దు మేష్టరుగారూ. మూడో చరణంలో మనం పాటించే మౌనాన్ని కూడా కీబోర్డుతో నింపేస్తారు. పవిత్రమైనదాన్ని పాడుచేసేవాళ్లకు ఇవ్వడమా, మన దగ్గరే శుద్ధంగా ఉంచుకోవడమా?”

మేష్టరు హార్మోనియం మూసి, రాయప్ప సంగతి ఎత్తారు.

ఆ రోజుల్లో ఒక్కో స్వరం ఒక్కో ఇంటిది. ఒకరి స్వరాన్ని మరొకరు కూనిరాగంగానైనా తీసేవారు కాదు. అన్నిటికంటే కిందిదైన అడుగు స్వరం రాయప్పది. మూడో చరణంలో తక్కిన ముగ్గురూ ఆగిపోగా, ఆ గొంతు ఒక్కటే సమాధి గుంట మీదుగా సాగేది. ఆయనకు పిల్లలు లేరు. మేనల్లుడు ఇన్నాసి ఎన్నోసార్లు అడిగాడు.

“మామా, ఆ కింది స్వరం నాకు చెప్పరాదా?”

“తిరునాళ్లలో అరిచే గొంతు నీది. దాంట్లో పోస్తే మురిగిపోద్దిరా. నా దగ్గరే ఉండనీ.”

చివరికి జబ్బు రాయప్ప గొంతులోనే దిగింది. అప్పుడు తానే కబురు పెట్టి ఇన్నాసిని పిలిపించుకున్నాడు. పెదవులు కదిలాయి గాని శబ్దం రాలేదు. మంచం పట్టె మీద వేలు మాత్రం తాళం వేసింది. ఇన్నాసికి దక్కింది ఆ తాళమే.

రాయప్ప భూస్థాపన నాడు ముగ్గురూ ఆ చోట అలవాటుగా ఆగారు. ఇన్నాసి నోరు తెరిచాడు. తనకు ఇవ్వని స్వరమని తలచి మూసుకున్నాడు. తాళం మటుకు తొడ మీద వేస్తూ నిలబడ్డాడు. అది ముగిశాక ముగ్గురూ మళ్లీ అందుకున్నారు. జనం దాన్ని ప్రార్థన అనుకుని తలలు వంచారు. తరవాతెప్పుడో ఆ స్వరాన్ని గుర్తు చేసుకోబోతే ముగ్గురికీ మూడు రకాలుగా వచ్చింది.

ఆ మౌనంలో కదిలిన పిల్లలను ఎందరినో లూర్దయ్య గద్దించి ఉన్నాడు.

“అది పాటలోదే అనుకున్నానండీ,” అన్నాడు. “ఇప్పుడు ఆ ముగ్గురిలో ఎవరున్నారు?”

మేష్టరు దగ్గు ఆగేదాకా గోడ పట్టుకుని నిలుచున్నారు. బయట ఎవరో మోటారుసైకిలు స్టార్టు చేశారు.

“వాళ్లు వెళ్లిపోతున్నట్టున్నారు, పిలువు,” అన్నారు. “పాట నేర్పుదాం. ఆ మౌనం ఒక్కటీ మన దగ్గరే ఉండనీ.”