రత్నవీటి వెంట్రుకల సిద్ధాంతం

రత్నవీటి మహారాజు చిత్రభానుడికి తలంటు పోసుకున్నప్పుడల్లా ఏదో ఒక సందేహం పుట్టేది. ఆ ఆదివారం పుట్టినది మాత్రం ఊరి నెత్తికే వచ్చింది.

తల ఆరీ ఆరకముందే సభకొచ్చి అడిగాడు.

"ఈ పట్టణంలో సరిగ్గా ఒకే లెక్క వెంట్రుకలున్న మనుషులు ఇద్దరున్నారా? ఉన్నారని ఎవరైనా తేల్చాలి. ఊహలొద్దు, రుజువు కావాలి."

రాజుగారికి కబుర్లు చెప్పి నవ్వించే బయ్యన వెంటనే లేచాడు. కోశాధికారినీ పురోహితుణ్ణీ చెరో చేత్తో ముందుకు లాక్కొచ్చాడు. ఇద్దరివీ నున్నటి బట్టతలలు.

"వీరికి సున్నా, వారికి సున్నా. రుజువైంది ప్రభూ!"

సభ గొల్లుమంది. రాజు నవ్వలేదు. "బట్టతలలు చెల్లవు. ఒక్క వెంట్రుకైనా ఉండాలి."

అప్పుడు లేచాడు ఆస్థాన గణితకేసరి విరూపాక్షావధాని. ఆయన లేస్తే మెడలో పతకాలు గలగలమంటాయి, వెనక శిష్యులంతా కూడా లేస్తారు.

"రుజువంటే లెక్క. లెక్కంటే నేను. ఊళ్ళో ఒక్కో తలా లెక్కపెడతాను. రెండు కలిసిన మరుక్షణం తమ ముందు నిలబెడతాను."

రాజు సరేనన్నాడు. లెక్కపెట్టిన వెంట్రుక, లెక్కపెట్టని దానితో కలిసిపోకుండా అవధాని ఒక ఉపాయం కనిపెట్టాడు. లెక్కపెట్టినదాన్ని పీకేయడం.

ఇక రత్నవీటిలో ఎటు చూసినా కేకలే. తమలపాకుల వ్యాపారి తల మీద గంగాళం బోర్లించుకుని బేరం చేశాడు. పెళ్ళికొడుకు పీటల మీంచి పారిపోయాడు. గడ్డం లెక్కలోకి వస్తుందా రాదా అని రెండు వీధులవాళ్ళు కొట్టుకున్నారు. ఒక పెద్దాయన మధ్యలో తుమ్మితే లెక్క తప్పి, పీకినవన్నీ పోగేసి మళ్ళీ ఒకటి నుంచి మొదలెట్టారు. నెల తిరిగేసరికి అయినవి ముప్ఫై తలలు. ఏ రెండూ కలవలేదు.

ఇదంతా చూసి బయ్యన రోజూ పడీపడీ నవ్వాడు. ఒకరోజు ఇంటికొచ్చేసరికి భార్య మైలమ బారెడు జడ ఒళ్ళో పెట్టుకుని కూర్చుని ఉంది.

"రేపు నా వంతట."

"ఎవరన్నారు?"

"అవధానిగారి శిష్యులు. మీరు రోజూ రాజుగారిని నవ్విస్తారు కదా, రేపు నా గుండు చూసి మీరూ ఆయనా కలిసి నవ్వుకోండి."

బయ్యనకి నిన్నటిదాకా ఎవరి తలలు చూసి నవ్వాడో వాళ్ళ మొహాలన్నీ గుర్తొచ్చి సిగ్గేసింది. గుమ్మంలో కూర్చున్నాడు. రాజు అసలేమడిగాడో ఒక్కో మాటా తలుచుకున్నాడు. ఉన్నట్టుండి లేచాడు.

"పద, అన్నం తిందాం. నీ జడ ఎక్కడికీ పోదు."

మర్నాడు సభలో అవధానిని పలకరించాడు.

"ఒక్క తలకి ఇంత ఆలస్యమా స్వామీ?"

అవధాని భగ్గుమన్నాడు. "ఆలస్యమా! లక్ష వెంట్రుకలు పీకడం తమాషానా?"

"ఇంకా ఒత్తుగా ఉంటే ఎన్నుండొచ్చు?"

"ఎంత ఒత్తయినా రెండు లక్షలు దాటవు. తల వైశాల్యం కొలిచి, గోరంత చోట ఎన్ని మొలవగలవో చూసి తేల్చాను. ఇది నా మాట!"

"ఊళ్ళో జనం?"

"ఐదు లక్షలు! అంతమందినీ ఒంటిచేత్తో..."

బయ్యన రాజువైపు తిరిగాడు. "ప్రభూ, రెండు లక్షల గదులతో ఒక సత్రం కట్టించండి."

రాజు ఉలిక్కిపడ్డాడు. "ఎక్కడ?"

"మనసులో. రాళ్ళూ సున్నం అక్కర్లేదు."

రాజు కళ్ళు మూసుకున్నాడు. "కట్టించాను."

"ఒకటి నుంచి రెండు లక్షల దాకా గది తలుపుకో అంకె వేయండి. ఎవరికి ఎన్ని వెంట్రుకలుంటే ఆ అంకె గదిలోకి పొమ్మనండి."

"పోతున్నారు."

"గదికొకరు చొప్పున ఎంతమంది పడతారు?"

"రెండు లక్షలమంది."

"బట్టతలలూ, అవధానిగారు చేసిన గుండ్లూ తీసేసినా బయట ఇంకా బోలెడు మంది. వాళ్ళ గదులూ ఈ సత్రంలోనివే. ఎక్కడికి పోతారు?"

రాజు కళ్ళు తెరిచాడు. "ఎవరో ఉన్న గదిలోకే దూరాలి!"

"ఒకే గదిలో ఇద్దరు పడ్డారంటే?"

"ఒకే లెక్క!" రాజు సింహాసనం దిగేశాడు.

"ఎవరా ఇద్దరు? పేర్లు చెప్పు!" అవధాని అరిచాడు.

"నాకేం తెలుసు? ప్రభువు అడిగింది ఉన్నారా అని. ఎవరని కాదు."

"పేరు తెలియని రుజువేమిటయ్యా?"

"ముప్ఫై తలలు పీకి మీరు తెలుసుకున్నది ఆ ముప్ఫై తలల సంగతే. ఈ సత్రంలో ఎవరు ఏ గదికి పోయినా సరే, ఇద్దరు కలవక తప్పదు. తప్పించుకునే దారి లేదని చూపించడమే రుజువు. అలా రుజువైన మాటే సిద్ధాంతం."

"ఒప్పుకోను! కళ్ళతో చూడాలి!"

రాజు గడ్డం గోక్కున్నాడు. "చూస్తే ఇంకా బాగుంటుంది కదా బయ్యనా..."

బయ్యన చేతులు జోడించి నవ్వాడు.

"అలాగే ప్రభూ. అవధానిగారి తలతోనే మొదలుపెడదాం."

శిష్యులంతా ఎంతో హుషారుగా ముందుకొచ్చారు. అవధాని రెండు చేతులతో పిలక గట్టిగా పట్టుకున్నాడు.

"రుజువైంది మహారాజా! నూటికి నూరుపాళ్ళూ రుజువైంది!"

సభ పైకప్పు ఎగిరేలా నవ్వింది. రాజు కళ్ళొత్తుకుంటూ మెడలోని ముత్యాలహారం తీసి బయ్యన మెడలో వేశాడు. మైలమకి బంగారు జడబిళ్ళ పంపమన్నాడు. అవధాని మాత్రం ఇంటికి చేరేదాకా పిలక వదల్లేదు.