తడవని కాళ్లు

ఫెరిదూన్ రాయవలసింది ఇంక ఒక్క వాక్యమే మిగిలింది. సరిగ్గా దాని దగ్గరే చిక్కొచ్చి పడింది. ఆ చిక్కు తెచ్చింది పుస్తకాలు కాదు, మఠానికి పాలు పోసే రబీజా అవ్వ.

ఇతను టర్కీవాడు. వాళ్ల దేశంలో పెద్ద విజ్ఞాన సర్వస్వం ఒకటి తయారవుతోంది. అందులో బోస్నియా కొండల్లో ఉన్న వోద్నిక్ అనే చిన్న ఊరి గురించి రాసే పని ఇతని మీద పెట్టారు. అందుకోసం అక్కడివాళ్లు మాట్లాడే సెర్బో-క్రొయేషియన్ భాష నాలుగేళ్లు కూర్చుని నేర్చుకున్నాడు. చిత్రమైన భాష అది. ఒకే మాటని ఒకచోట రష్యావాళ్ల లాంటి అక్షరాలతో రాస్తారు, ఇంకోచోట ఇంగ్లీషువాళ్ల లాంటి అక్షరాలతో. భాషకి కూడా ఎవరు పెట్టుకున్న పేరు వాళ్లదే. రెండు రాతలూ గడగడా చదవగలనని ఫెరిదూన్‌కి లోపల కాస్త గర్వం. ఉండదా మరి, నాలుగేళ్ల కష్టం!

వోద్నిక్‌లో నది పుట్టే చోట, కొండ కింద, ఒక సూఫీ మఠం ఉంది. ఫెరిదూన్ అక్కడే ఉంటూ ముసలి గురువు షేక్ హులూసీకి శిష్యరికం చేస్తున్నాడు. వచ్చి నెలయింది గానీ, పుస్తకాల్లోంచి తలెత్తి ఊరు చూసిన పాపాన పోలేదు. ఆ చోటూ అలాంటిదే. తెల్లవారగానే నీటి మీంచి పొగమంచు లేచి మెల్లిగా గదుల్లోకి వచ్చి కూర్చునేది. తను లేచాడో, లేచినట్టు కలగంటున్నాడో తేల్చుకోవడానికి కాసేపు పట్టేది.

ఇక ఆ వాక్యం సంగతి. తొంభై ఏళ్ల కిందట అక్కడ వంతెన లేదు. ఈ గట్టు నుంచి ఆ గట్టుకి కట్టిన తాడు పట్టుకుని పడవ లాగేవాళ్లు. ఒక వరదలో ఆ పడవ మునిగి పదకొండు మంది పోయారు. పడవవాడు సాల్కో తాడు కోసేసి, పడవని వరదకి వదిలేసి తన ప్రాణం దక్కించుకున్నాడని మూడు పుస్తకాలు చెబుతున్నాయి. ఆ సాల్కో రబీజా అవ్వకి తాత.

"మా తాత తాడు కొయ్యలేదు నాయనా," అంది అవ్వ ఆ ఉదయం పాలు పోస్తూ. "అదే తెగింది. మా నాన్న ఒట్టేసి చెప్పేవాడు. బళ్లో నా పక్కన ఎవరూ కూర్చునేవాళ్లు కాదు, తెలుసా? ఇప్పుడు నువ్వూ అదే రాస్తావటగా."

అవ్వ ఇంకేమీ అడక్కుండా ఖాళీ గిన్నె తీసుకుని వెళ్లిపోయింది.

ఫెరిదూన్ మనసు చివుక్కుమంది. మూడు పుస్తకాలూ చంకన పెట్టుకుని గురువు దగ్గరికి వెళ్లాడు.

"అవ్వని చూస్తే జాలేస్తోంది గురువుగారూ. కానీ నేనేం చెయ్యను? ముగ్గురు సాక్షులున్నారు. ఇది బెల్‌గ్రేడ్‌లో అచ్చయింది, ఇది జాగ్రెబ్‌లో, ఇది సరాయెవోలో. రాతలు వేరు, ఊళ్లు వేరు. ఏ విషయంలోనూ ఒకరికొకరికి పడదు. అలాంటి ముగ్గురూ ఒకే మాట చెబుతున్నారంటే అది నిజం కాక మరేమిటి?"

షేక్ పుస్తకాలు అందుకుని ఒళ్లో పెట్టుకున్నాడు. "పడవ ఎక్కడ మునిగిందన్నారు?"

"రేవు నుంచి దిగువకి రెండు వందల అడుగులు నడిస్తే పిండిమర వస్తుందట. దాని ఎదురుగా."

"పద, చూసొద్దాం."

రేవులో పొగమంచు తప్ప ఏమీ కనబడడం లేదు. నది ఉందని చప్పుడును బట్టి తెలుసుకోవడమే. పాత తాడు కట్టిన ఇనుప కడియం ఒక బండకి ఇంకా ఉంది. షేక్ ఆ బండ మీద కూర్చుని బెల్‌గ్రేడ్ పుస్తకం శిష్యుడి చేతిలో పెట్టాడు.

"ఇది చెప్పినట్టు నడు. మర గోడ ముట్టుకుని రా."

ఫెరిదూన్ దిగువకి రెండు వందల అడుగులు లెక్కపెట్టుకుంటూ నడిచాడు. చీలమండల దాకా బురద. చెయ్యి చాపితే రెల్లు తగిలింది గానీ గోడ తగల్లేదు.

"మర లేదు గురువుగారూ."

"సరే. జాగ్రెబ్ ఆయన్ని అడుగుదాం," అని షేక్ రెండో పుస్తకం ఇచ్చాడు.

మళ్లీ రెండు వందల అడుగులు. మళ్లీ అదే రెల్లు. ఇందాకటి తన అడుగుల్లో అప్పుడే నీళ్లు ఊరాయి. బూట్లలోకి మంచులాంటి నీళ్లు దిగి, పళ్లు కటకటలాడుతూ తిరిగొచ్చాడు.

షేక్ మూడో పుస్తకం అప్పటికే చాపి పట్టుకున్నాడు.

"ఇందులోనూ అదే ఉంది గురువుగారూ. మూడింట్లోనూ అవే మాటలు."

"చదవమనలేదు నాయనా. నడవమన్నాను."

గురువు ముఖంలో వేళాకోళం ఏమీ లేదు. ఫెరిదూన్ నడిచాడు. ఈసారి లెక్కపెట్టలేదు, తన అడుగుల్లోనే అడుగులు వేసుకుంటూ పోయాడు. రెల్లు దగ్గర ఆగాడు. అప్పుడు వినిపించింది, వెనక నుంచి, నది పైవైపు నుంచి, నీళ్లకి మర చక్రం తిరుగుతున్న చప్పుడు. దడ్, దడ్, దడ్. పొద్దుటి నుంచీ అది మోగుతూనే ఉంది. ఆ మాటకొస్తే నెల రోజుల నుంచీ మోగుతూనే ఉంది. రోజూ నిద్రలో విని, తన గుండె చప్పుడనుకున్నాడు.

అక్కడ ఎంతసేపు నిలబడ్డాడో అతనికి తెలియదు. తిరిగొచ్చేసరికి మంచు కాస్త పలచబడింది.

"మర ఎగువన ఉంది," అన్నాడు.

"మా గురువుల గురువు కట్టించాడు. రెండు వందల ఏళ్లుగా అక్కడే ఉంది."

"ముగ్గురూ దిగువన అన్నారు, ఒకర్ని చూసి ఒకరు రాసుకున్నట్టు."

"ఊఁ."

షేక్ బండ దిగి, మోకాళ్ల మీద కూర్చుని, శిష్యుడు వద్దు వద్దంటున్నా అతని బూట్లు తనే విప్పాడు. ఒక్కొక్కటీ వంచి నీళ్లు పారబోశాడు. బురద కాళ్లు తన పైగుడ్డతో తుడిచాడు.

"ముగ్గురు సాక్షులన్నావు," అన్నాడు తుడుస్తూనే. "ఒక్కడికీ కాళ్లు తడవలేదు నాయనా."

మర్నాడు అవ్వ పాలు తెచ్చేసరికి ఫెరిదూన్ వాకిట్లో కాగితం పట్టుకుని ఉన్నాడు. తను రాసింది ఆమె భాషలోకి మార్చి చదివాడు.

"వరదలో పడవ మునిగి పదకొండు మంది చనిపోయారు. అది ఎలా మునిగిందో, కళ్లారా చూసినవాళ్లెవరూ రాసిపెట్టలేదు."

అవ్వ కాగితం వైపు వంగింది.

"తాడు తెగిందని రాయలేదేం?"

"అది చూసినవాళ్లు రాసిందీ నాకు దొరకలేదు అవ్వా. అందుకని రాయలేను."

"కోశాడని మాత్రం లేదు కదా?"

"లేదు."

అవ్వ పాల గిన్నె కింద పెట్టి, గడప మీద కూర్చుంది. ఎనభై ఏళ్ల చేతులు ఒళ్లో పెట్టుకుంది.

"ఇంకొక్కసారి చదువు నాయనా," అంది. "మెల్లిగా."